బస్తా కొయ్యొద్దన్నాడు

కోల్డ్ స్టోరేజీ షెడ్డులో ఎత్తుగా పేర్చిన మిర్చి టిక్కీల నెట్టు కూలి గురవమ్మ మీద పడేసరికి పగలు పదకొండున్నర అయింది. ఒక్కో టిక్కీ బస్తా నలభై కిలోల పైమాటే. ఆ నెట్టు పక్కనే కూర్చుని మిరపకాయల తొడిమలు తీస్తున్న అరవైమంది ఆడవాళ్లు కెవ్వుమన్నారు. బస్తాల అడుగు నుంచి గురవమ్మ గొంతు ఇంకా వినిపిస్తోంది.

"సర్దారూ... ఊపిరాడట్లేదే..."

ఆమె పిలిచింది సర్దార్‌బీని. ఇద్దరూ పదేళ్లుగా ప్రత్తిపాడు నుంచి ఒకే ఆటోలో వచ్చి, ఒకే పట్టా మీద కూర్చుని పనిచేస్తున్నారు. సర్దార్‌బీ చేతిలో బస్తాల కుట్లు కోసే కత్తి ఉంది. కింది బస్తాలు లాగితే పైవి జారుతున్నాయి. బస్తా పొట్ట చీలిస్తే కాయలు కారిపోయి నిమిషంలో బరువు దిగుతుంది. ఆమె కత్తి ఎత్తింది.

"ఒసేయ్, కొయ్యమాకు! ఎక్స్‌పోర్టు సరుకది. నేలపాలైతే నీ బాబిస్తాడా?" అని అరిచాడు మేస్త్రీ అంకమ్మరావు. "హమాలీలొస్తన్నారు. పైనుంచి ఒక్కోటీ దింపుతారు. ఆగు!"

ఆమె ఆగింది. కథలో సిగ్గుపడాల్సిన చోటు ఇదే, దాచడం నాకిష్టం లేదు. కాయ విరిగినప్పుడల్లా పదేళ్లుగా తిట్లు తిన్న చెయ్యి అది. కింద మనిషి ప్రాణం పోతుంటే బస్తా మీద జాలిపడింది. హమాలీలొచ్చి ఒక్కొక్కటే దించారు. పక్కన వరసగా పేర్చారు కూడా. ముప్ఫై ఒకటో బస్తా లేపాక గురవమ్మ కనిపించింది. కళ్లు తెరిచే ఉన్నాయి, ప్రాణం లేదు. బస్తా ఒక్కటీ చిరగలేదు.

మూడింటికి యజమాని కారు దిగాడు. ముందు సరుకు చూసుకున్నాడు. కబురందుకుని వచ్చిన సీఐతో ఏసీ గదిలో కూర్చుని కాఫీ తాగాడు. తర్వాత అంకమ్మరావు బయటికొచ్చి ఆడవాళ్లకు పాఠం చెప్పాడు.

"చూడండమ్మా, గురవమ్మ మా కూలీ కాదు. కాయలు దొంగిలించడానికి లోపలికొచ్చింది, నెట్టు పడింది. సీఐ గారు అట్టాగే రాసుకున్నారు. మీరూ అదే చెప్పండి. చెప్పినోళ్లకే రేపు పని."

ఆడవాళ్లంతా ఆగి ఉన్న లారీ నీడన పోగయ్యారు. అందరికంటే పెద్దదైన రాఘవమ్మ ముందు నోరు విప్పింది.

"సీజన్ ఇంకా రెండు నెల్లే. పోయినామె ఎట్టాగూ రాదు. నోరు మూసుకుందామే."

"రేపు నీ మీద పడితే, పెద్దమ్మా?" అంది జ్యోతిర్మయి. డిగ్రీ మధ్యలో ఆపేసి తొడిమల పనికొచ్చిన పిల్ల. "ఆ బస్తాలకి నంబరుంది, ఇన్సూరెన్సుంది. మన పేరు ఏ కాగితంలో ఉంది? మన చెయ్యి పడ్డాకేగా ఆ కాయకి పైరేటు! పెరిగిందంతా మన కష్టమే. అది వాడు నొక్కేసి మనల్ని దొంగలంటన్నాడు!"

సర్దార్‌బీ ఒక్కసారిగా గుండెలు బాదుకుంది.

"కత్తి నా చేతిలోనే ఉందే! వాడు ఆగమంటే ఆగా. నా అక్కని నేనే చంపుకున్నా." కళ్లు తుడుచుకోబోయి, కారం చేతులని గుర్తొచ్చి దించేసింది. "ఇంక ఆగను. గురవమ్మ దొంగైతే నేనూ దొంగనే. ఇద్దరం ఒకే గేట్లోంచి వచ్చాం. పదండి, స్టేషన్‌కెళ్లి మనందర్నీ దొంగలుగా రాయమందాం."

రాఘవమ్మే కొంగు నడుముకు చుట్టి ముందుగా లేచింది.

అరవైమంది చీరల్లోని మిరపఘాటుతో స్టేషన్ మొత్తం తుమ్ములు. హెడ్డు కానిస్టేబులు ముక్కుకు రుమాలు అడ్డం పెట్టుకునే పెన్ను తీశాడు.

"రాసుకోండి సార్. షేక్ సర్దార్‌బీ. పొద్దున్న ఎనిమిదింటికి అంకమ్మరావే గేటు తీశాడు. పదకొండున్నర దాకా కూర్చుని తొడిమలు తీశా. పదేళ్ల నుంచీ రోజూ ఇదే దొంగతనం."

తర్వాత రాఘవమ్మ చెప్పింది. తర్వాత జ్యోతిర్మయి. ఇరవయ్యో పేరు దగ్గర సీఐ వచ్చి కాగితం లాక్కుని చదివాడు. మొహం నల్లబడింది.

"ఎవడ్రా నిన్ను రాయమంది? వీళ్లంతా ఆ షెడ్డు కూలీలని మనమే సాక్ష్యం రాసిస్తున్నాం కదరా!"

కాగితం చించేశాడు. లాఠీ మొదట సర్దార్‌బీ కుడిచేతి మీదే పడింది. మణికట్టు ఎముక విరిగిన చప్పుడు గుమ్మం దాకా వినిపించింది. తర్వాత వీపులు, తలలు చూడకుండా కొట్టారు. రాఘవమ్మ నెత్తురోడుతూ నేల మీద కూర్చుండిపోయింది. ఆడవాళ్లు అరిచారు, ఏడ్చారు, ఒకళ్ల చేతులొకళ్లు పట్టుకున్నారు. గుమ్మం దాటి ఒక్కతీ పోలేదు.

"అందర్నీ లోపలెయ్యండి! స్టేషన్ మీద దాడి కేసు పెట్టండి!"

హెడ్డు గొంతు సవరించుకున్నాడు. "కేసంటే... పేర్లు రాయాలి కదా సార్?"

 సర్దార్‌బీ వేలాడుతున్న చేతిని ఎడంచేత్తో పట్టుకుని బల్ల దగ్గరికి నడిచింది.

"రాయండి సార్. ముందు గురవమ్మ పేరు రాయండి. పదకొండున్నర దాకా మాతోపాటే పనిచేసింది."