తూర్పు గుమ్మం, పడమటి గుమ్మం

2023 మార్చి 14, మంగళవారం ఉదయం 10.40కి గుంటూరు బ్రాడీపేటలోని ఒక అపార్ట్‌మెంట్ మూడో అంతస్తులో కోర్టు అమీనా వచ్చి మాణిక్యమ్మకు సమన్లు ఇచ్చాడు. ఆమె పదేళ్లకు పైగా ఉంటున్న ఇల్లు ఆమెది కాదనీ, ఎదురింటి శ్రీకృష్ణదనీ, ఖాళీ చేయించాలనీ దావా.

మాణిక్యమ్మ దస్తావేజు పట్టుకుని లాయరు కరీమున్ దగ్గరికి వెళ్లింది.

"దీంట్లో 302 అనుందమ్మా. మా తలుపు మీదా 302 అనే ఉంది. ఇంకేం కావాలి?"

"తలుపు మీద ఎవరు బిగించారు?"

"మా ఆయనే. స్క్రూడ్రైవర్ మాస్టారుగారిది."

కరీమున్ కలం మూత పెట్టింది.

జరిగింది ఇది. పర్చూరులో మిర్చి పండించే ఆమె భర్త చలమయ్య 2012లో 302 కొన్నాడు. గుమ్మం పడమర. ఎదుటి 301 గుమ్మం తూర్పు. దాన్ని కోచింగ్ సెంటర్‌లో లెక్కలు చెప్పే శ్రీకృష్ణ కొన్నాడు. గృహప్రవేశానికి ముందు ఇద్దరూ ఒకే సిద్ధాంతి దగ్గరికి వెళ్లారు. చలమయ్య జాతకానికి పడమర, శ్రీకృష్ణ జాతకానికి తూర్పు పనికిరావని ఆయన తేల్చి, దక్షిణ మాత్రం విడివిడిగా తీసుకున్నాడు. ఇద్దరూ ఇళ్లు మార్చుకున్నారు. కాగితం రాసుకుంటే ఒకరినొకరు నమ్మనట్టు ఉంటుందని రాసుకోలేదు. దస్తావేజులు అబద్ధం కాకూడదని తలుపుల మీది నంబర్లు ఊడదీసి అటుదిటు, ఇటుదటు బిగించారు. ఆ ఏడాది జూన్‌లో పాలు పొంగించారు.

తూర్పు గుమ్మం ఆయుష్షు పెంచుతుందని సిద్ధాంతి చెప్పాడు. 2020లో చలమయ్యను ఆ గుమ్మంలోంచే మోసుకెళ్లారు. పర్చూరు పొలం అంతకు ముందే ఆయన వైద్యానికి పోయింది. మాణిక్యమ్మకు మిగిలింది ఈ ఇల్లు.

2023 మొదట్లో శ్రీకృష్ణ ఇల్లు అమ్మకానికి పెట్టాడు. చూడ్డానికి వచ్చినవాళ్లంతా తూర్పు గుమ్మం కావాలన్నారు. అప్పుడాయన తన దస్తావేజులోని హద్దులు చదివాడు.

సమన్లు అందిన మర్నాడు లిఫ్టు దగ్గర మాణిక్యమ్మ ఆయన్ని అడిగింది.

"ఏం మాస్టారూ, తూర్పు మీకు పడదన్నారుగా?"

"నాకు పడదక్కయ్యగారూ. కొనేవాళ్లకు పడుతుంది."

"మరి మా పడమటిల్లు మాకిచ్చేస్తారా?"

"అదెట్లా కుదురుద్దండీ? అందులో నేనుంటున్నాగా!"

దావాలో ఆ మాటే ఉంది. తూర్పు ఇల్లు దస్తావేజు ప్రకారం తనది. పడమటి ఇల్లు ఏళ్ల తరబడి తన స్వాధీనంలో ఉంది కాబట్టి అదీ తనదే.

"నోరారా అక్కయ్యా అంటూనే రోడ్డున పడేస్తున్నారే!"

"పడెయ్యడం ఏముందండీ. కోర్టు చెప్తేనే వెళ్దురుగాని."

ఇళ్లు చూసి రిపోర్టు ఇమ్మని కోర్టు ఒక లాయరును కమిషనర్‌గా పంపింది. ఆయన తలుపులు చూసి, ఎవరి నంబరు ఇంట్లో వాళ్లే ఉన్నారనీ, తగాదా ఏమిటో తెలియలేదనీ రిపోర్టు రాశాడు. రెండోసారి ప్లాన్ చేతికిచ్చి పంపారు. అప్పుడు తెలిసింది.

డిసెంబరులో కేసు లోక్ అదాలత్‌కు వచ్చింది. జడ్జి కాగితాలు తిరగేశారు.

"స్వాధీనం మీద హక్కు రావాలంటే పన్నెండేళ్లు ఉండాలి. మీరు దావా వేసేనాటికి ఎన్నేళ్లండీ?"

"పదకొండో ఏడు నడుస్తోందండీ," అన్నాడు శ్రీకృష్ణ.

"మీరు చెప్పే సబ్జెక్టు?"

"లెక్కలండీ."

జడ్జి కాగితాలు మూశారు. కరీమున్ లేచింది.

"దస్తావేజుల ప్రకారమే పోదామండీ. మాణిక్యమ్మగారు పడమటింటికి వెళ్తారు. మాస్టారుగారు రేపే తూర్పింటికి మారాలి. కొనేవాళ్లు దొరికేదాకా అందులోనే కాపురం."

శ్రీకృష్ణ వెనక్కి తిరిగి భార్య బిందుమాధవి వైపు చూశాడు. ఆమె అందరి ముందే అంది.

"చలమయ్యగారిని ఎటు నుంచి తీసుకెళ్లారో చూశారుగా. నేను రాను."

"ఆయనకు తూర్పు మంచిదనే చెప్పారే!"

"మంచిదంటేనే అట్లా అయితే, పడదన్న మీకో?"

పదిహేను నిమిషాల్లో రాజీ కుదిరింది. ఎవరున్న ఇల్లు వాళ్లదే. మార్పిడి దస్తావేజు ఖర్చు శ్రీకృష్ణది.

రిజిస్ట్రేషన్‌కు ముహూర్తం అదే సిద్ధాంతి పెట్టాడు. ఈసారీ దక్షిణ రెండు వైపులా తీసుకున్నాడు. 2024 జనవరి 24, బుధవారం సంతకాలయ్యాయి. కొత్త దస్తావేజు ప్రకారం మాణిక్యమ్మ ఇల్లు 301.

ఆ సాయంత్రం 4.15కి వాచ్‌మన్ సిలార్ రెండు నంబర్లూ ఊడదీసి, అటుదిటు, ఇటుదటు బిగించాడు. స్క్రూడ్రైవర్ మాస్టారుగారిది. 301కి ఒక స్క్రూ తక్కువైంది.