ఇంటి ఆడమనిషి గంటలు

"మా ఇంట్లో ఆడవాళ్ళు పొలం పనులు చెయ్యరండీ. మా నాన్నగారి కాలం నుంచీ అంతే" అన్నాడు సత్యనారాయణమూర్తి, అరుగు మీద కుర్చీలో వెనక్కి వాలి.

ఆ మాట అన్నప్పుడు ఆయన భార్య చంద్రకళ సరిగ్గా కళ్ళెదురుగానే ఉంది. ఇంటి ముందు రోడ్డు వారన పరిచిన బరకాల మీద, చీర కుచ్చిళ్ళు ఎగదోపుకుని, ధాన్యంలో కాళ్ళు ఈడ్చుకుంటూ చాళ్ళు తీస్తోంది. అలా మాటిమాటికీ తిరగేస్తే గానీ అడుగున ఉన్న గింజ ఆరదు. ఆయన చూపు ఆమె మీదుగా వెళ్ళి ఎదురింటి గోడ మీద ఆగింది. అబద్ధమాడాడని అనడానికీ లేదు పాపం. పొలం ఊరవతల ఉంది, ఆమె ఇంటి ముందుంది. ఆ లెక్కన ఆమె ఇంటిపట్టునే ఉన్నట్టు.

ఆయన్ని అడిగిన అమ్మాయి పేరు స్టెల్లా. తాడేపల్లిగూడెం పిల్ల. పంట పండించడానికి రైతుకి నిజంగా ఎంత ఖర్చవుతుందో కొన్ని ఇళ్ళు ఎంచుకుని రాసుకునే ప్రభుత్వ పథకంలో ఉద్యోగం. భీమడోలులో రైలు దిగి స్కూటీ మీద వస్తుంది. విత్తనం, ఎరువు, కోత మిషను అద్దె, అన్నీ అడిగి, చివర్న "ఇంటి ఆడవాళ్ళ పని గంటలు?" అంటుంది. ఆయన ప్రతిసారీ అదే జవాబు చెబుతాడు. ఆ పిల్ల ట్యాబ్‌లో సున్నా నొక్కుకుని, కాఫీ తాగి వెళ్ళిపోతుంది. కాఫీ ఎవరు పెట్టారన్న ప్రశ్న అందులో లేదు.

ఆ పిల్ల వెళ్ళాక మొదలవుతుంది మద్దతు ధర చాలడంలేదన్న ఉపన్యాసం. చంద్రకళ పెళ్ళయిన దగ్గర్నుంచీ వింటోంది. ధాన్యం ధర నిలబెట్టడానికి ప్రభుత్వాలు పడ్డ పాట్లన్నీ ఆమెకీ కంఠతా వచ్చు, కాకపోతే వంటింటి వైపు నుంచి. మిల్లుల దగ్గర ప్రభుత్వం తన వాటాగా లెవీ బియ్యం తీసుకునే రోజుల్లో మిల్లు గుమాస్తాలు అరుగు మీదే మకాం. ఆమెకి అవి ఉప్మా రోజులు. కోనసీమ రైతులు పంట వేసేది లేదని భీష్మించిన ఏడు ఈ ఊళ్ళోనూ ఎక్కడ చూసినా మీటింగులే. అది పకోడీల ఏడు. తర్వాత లెవీ పోయింది. ఊళ్ళోకే కొనుగోలు కేంద్రం వచ్చింది, డబ్బు తిన్నగా ఖాతాలో పడుతోంది, దళారుల బెడద తగ్గింది. మంచిదే, ఎవరు కాదన్నారు? కానీ తేమ పదిహేడు శాతం దాటకూడదన్నారు. పూర్వం షావుకారు కళ్లంలోనే పచ్చి ధాన్యం అయినకాడికి కాటా వేసుకుపోయేవాడు. ఇప్పుడు మిషను కోసిన చెమ్మ గింజని పదిహేడుకి దించాలి. దించేదెవరో ఏ ప్రభుత్వమూ చెప్పలేదు, చెప్పక్కర్లేకుండానే చంద్రకళకి తెలిసిపోయింది. పొద్దున్న పరచడం, మంచు పడకముందే పోగు చేసి కప్పడం, మబ్బేస్తే పరుగెత్తడం అన్నీ ఆమె వంతే.

అవేవీ ఆమెని అంతగా బాధించలేదు. అలుపే ఆమె ప్రాణం తీస్తోంది. రెండేళ్ళుగా అదేం మాయదారి అలుపో, పొద్దున్న లేస్తూనే ఒళ్ళంతా రోకళ్ళతో దంచినట్టుంటోంది. "మేం వడ్లు దంచుకుని తిన్నవాళ్ళం. మీకు మిల్లు బియ్యం, గ్యాసు పొయ్యి. ఇంకా అలుపేవిటే అమ్మాయ్?" అనేది అత్తగారు రత్నమాణిక్యం. మూర్తి ఏలూరు తీసుకెళ్ళాడు, తీసుకెళ్ళలేదంటే కళ్ళు పోతాయి. రక్తం చూశారు, థైరాయిడ్ చూశారు, షుగరు చూశారు. "ఏం పని చేస్తుంటారమ్మా?" అని డాక్టరు అడిగితే, ఆమె నోరు తెరిచేలోగా ఆయనే, "ఏమీ లేదండీ, ఇంట్లోనే ఉంటుంది" అన్నాడు. "అయితే రోజూ కాస్త నడవండమ్మా" అన్నాడు డాక్టరు. రిపోర్టులన్నీ బాగానే ఉన్నాయి. దాంతో ఆమె భయం రెట్టింపయింది. ఏ పనీ లేని మనిషికి ఇంత అలుపెందుకు? అమ్మ కూడా ఈ వయసులోనే అలిసిపోయానంటూ మంచమెక్కింది, మరి దిగలేదు. ఏ పరీక్షకీ అందని జబ్బేదో లోపల తొలిచేస్తోందనీ, తనదీ అమ్మ దారేననీ ఆమెకి నమ్మకం కుదిరిపోయింది. నేను పోతే ఈ ఇంట్లో ఆవపిండి ఎక్కడుందో ఎవరికి తెలుస్తుంది అనుకునేది, ధాన్యంలో కాళ్ళీడుస్తూ. కళ్ళ నీళ్ళు వచ్చేవి. గింజల మీద పడితే తేమ పెరుగుతుందని గబగబా తుడుచుకునేది.

ఆ పిల్లకి మళ్ళీ సున్నా చెప్పిన ఆ వారంలోనే ఒకరోజు మూర్తి గోనె సంచుల కోసం రైతు సేవా కేంద్రానికి వెళ్ళాడు. స్టెల్లా వచ్చేసరికి కొల్లేటి వైపు నుంచి మబ్బు కమ్ముకొస్తోంది. చంద్రకళ పలకరించకుండానే బరకం కొస అందుకుంది. ఆ పిల్ల బ్యాగు అరుగు మీద పడేసి రెండో కొస పట్టింది. ఇద్దరూ ధాన్యం పోగు చేసి, కప్పి, బరువులు పెట్టేసరికి స్టెల్లాకి రొప్పు వచ్చేసింది. తీరా చూస్తే నాలుగు చినుకులు రాల్చి ఊరుకుంది వాన.

"ఇదంతా రోజూ ఎవరు చేస్తారాంటీ?"

"ఎవరు చేస్తారమ్మా, నేనే."

"మరి అంకుల్ గారు ఎప్పుడూ సున్నా అంటారేంటి?"

"ఇది పనేవిటమ్మా, ఆరబెట్టుకోవడం."

స్టెల్లా పగిలి గీసుకుపోయిన ఆమె పాదాల వైపు చూసింది. "సరే, పని కాదనుకోండి. పొద్దున్న లేచిన దగ్గర్నుంచి ఏం చేస్తారో ఊరికే చెప్పండి."

ఊరికేగా అని చెప్పింది చంద్రకళ. గేదెలకి మేత, పేడ తియ్యడం, పాలు పిండడం. నాట్ల ముందు విత్తనం నానబెట్టి, మొలకెత్తడానికి మండె కట్టడం. తూర్పారబట్టడం, ఆరబెట్టడం, సంచులకెత్తేటప్పుడు చెయ్యి సాయం. చెబుతుంటే ఒక పని వెనకాల ఇంకో పని తోసుకొస్తోంది. "ఆగండాంటీ, ఆగండి" అంటూ స్టెల్లా నొక్కుకుంటూనే ఉంది.

"ఊడ్పులప్పుడు కూలీలందరికీ వంట..."

"వంట రాయకూడదాంటీ. అది ఇంటిపని కిందకి వస్తుందట."

"పొలం కూలీలకి వండినా?"

"వండినా" అంది స్టెల్లా, ఆ రూలు తనే పెట్టినట్టు చిన్నబోయి. "మిగతా వాటికి ఊళ్ళో ఆడకూలి రేటు కడతారు."

"మగవాళ్ళు చేస్తే?"

"ఎక్కువే కడతారు."

"అదే గింజ కదమ్మా!"

స్టెల్లా ట్యాబ్ మీద పడ్డ చినుకు తుడుచుకుంది.

"అయినా ఈ లెక్కలన్నీ ఎవరికి?"

"ఢిల్లీకాంటీ. మద్దతు ధర ఎంతుండాలో చెప్పేముందు వాళ్ళు చూసేవాటిల్లో ఈ ఖర్చు ఒకటి. ఇంటి మనుషుల కష్టానికీ కూలి కట్టి అందులో కలుపుతారు. ఆడవాళ్ళది సున్నా అంటే ఖర్చు తక్కువ కనబడుతుంది. మీ ఒక్క ఇంటితో ధర మారదులెండి. కానీ నేను వెళ్ళే ప్రతి ఇంట్లోనూ ఇదే జవాబు."

చంద్రకళ అరుగు మీద కూలబడి నవ్వడం మొదలుపెట్టింది. ధర చాలదని ఊరంతా మొత్తుకునే మనిషి, ఆ ధరని తన నోటితోనే తగ్గించుకుంటూ వస్తున్నాడు, అదీ పరువు కోసం! నవ్వీ నవ్వీ చివరికి ఏడుపు వచ్చింది. స్టెల్లా కంగారుపడి మంచినీళ్ళు తెచ్చింది.

"ఏవైందాంటీ?"

"ఏవీ కాలేదమ్మా. నాకేవీ కాలేదు" అంది చంద్రకళ. అంటుంటే గుండె మీంచి ఎవరో బస్తా దింపినట్టయింది. జబ్బు లేదు. అమ్మకీ ఉండి ఉండదు. అలిసిపోయేంత పని చేస్తోంది కనక అలిసిపోతోంది, అంతే. ఇంత చిన్న సంగతి తెలియక రెండేళ్ళు చచ్చిపోతున్నానని భయపడింది. ఇప్పుడు ఎంత హాయిగా ఉందంటే, ఆ పిల్లని దగ్గరికి తీసుకుని బుగ్గలు పుణకాలనిపించింది.

సాయంత్రం సంగతి విని మూర్తి ఎగిరిపడ్డాడు. "పరువు తీశావు కదే! ఆడదాని చేత చాకిరీ చేయిస్తున్నాడనుకోరూ?"

"చేయిస్తున్నారుగా" అంది ఆమె నెమ్మదిగా.

లోపల్నుంచి రత్నమాణిక్యం గొంతు వినబడింది. "మీ నాన్న కూడా ఆ అరుగు మీదే ఆ మాటే అనేవాడురా. నేనూ ఎదురుగానే ఉండేదాన్ని."

మూర్తి కండువా తీసి దులిపి మళ్ళీ వేసుకున్నాడు.

"రేపు నేను ధాన్యం తిరగెయ్యనండీ" అంది చంద్రకళ.

"కూలీలు దొరకొద్దూ? అందరూ కోతల్లో ఉన్నారు."

"మీరున్నారుగా. మగమనిషి గంటకి ఎక్కువ కడతారట. ఆ సంగతి తెలీక ఇన్నేళ్ళూ నష్టపోయాం."

మర్నాడు ఎండెక్కేసరికి మూర్తి పంచె ఎగ్గట్టి బరకం మీదకి దిగాడు. పదడుగులు వేసేసరికి గింజ మొనలు గుచ్చుకుని అరికాళ్ళు ఎత్తెత్తి వెయ్యడం మొదలెట్టాడు. అటుగా మోటారు సైకిల్ మీద పోతున్న గంగరాజు బ్రేకు కొట్టి ఆగాడు.

"అదేంటి బావా, నువ్వు దిగావు? చెల్లెమ్మకి ఒంట్లో బాగోలేదా?"

మూర్తి తలెత్తకుండా ఇంకో చాలు తీశాడు. అరుగు మీద మంచంలోంచి చంద్రకళే గొంతెత్తి చెప్పింది.

"బాగానే ఉన్నానన్నయ్యా. పడుకున్నాను."