శ్రోత చెవిలో దూది

మా అక్కకు చెవుడు వస్తోంది. వీధి వీధంతా వచ్చి అభినందించి పోతోంది.

మా దగ్గర సంగతి ఇలాగే ఉంటుంది. సృష్టికి ముందు ఏమీ లేదట, ఒక్క కూనిరాగం ఉందట. నేలా, నీళ్లూ, ఆకాశంలో రెండు చందమామలూ, మనమూ, అంతా దాన్లోంచి అల్లుకొచ్చిన బట్టేనట. ఆ రాగం ఇప్పటికీ సాగుతోందట, ఆగిందంటే అన్నీ పోగులు పోగులుగా విడిపోతాయట. దాని పేరు ఆదిరాగం. ఇంతవరకు నాకేం పేచీ లేదు, ఎవరి నమ్మకం వాళ్లది. కానీ మా మిల్లు మగ్గాల షెడ్డులో కొన్నేళ్లు పనిచేస్తే చెవుల్లో గుయ్యిమని మోత మొదలవుతుంది. ఆదిరాగం అదేనట. అది వినబడ్డవాళ్లు శ్రోతలట. శ్రోతను షెడ్డు నడిమధ్య, నాలుగు వైపులా మగ్గాలు బాదే చోట నిలబెట్టాలట, రాగం ఇంకా బాగా పట్టడానికి. చెవులు మూసుకుంటే సృష్టికే ద్రోహమట. ఈ చివరి ముక్క ఎవరు కలిపారో తెలీదు గానీ, మగ్గాలకు నూనె పెట్టించే బాధ మాత్రం యజమానికి తప్పింది.

అక్కకు ఎడమ చెవి పూర్తిగా పోయింది. కుడిది సగం మిగిలింది. చప్పుడు లేని మడతల గదికి మారితే ఆ సగమైనా దక్కుతుందని డాక్టరమ్మ చెప్పింది. నేను అదే మిల్లులో దుప్పట్ల బేళ్లు కడతాను. నోరు మూసుకోనని నాకు గోలగాడని పేరు పెట్టారు. సరే, గోల చేద్దామని మేస్త్రీ దగ్గరికి వెళ్లాను. రేపో మాపో శ్రోతను చేయబోయే మనిషిని దుప్పట్లు మడత పెట్టమంటావా, బుద్ధుందా అన్నాడు. బావ దగ్గరికి వెళ్లాను. ఆయన టీ కొట్టు బల్ల మీద కాలుమీద కాలేసుకుని ఉన్నాడు. శ్రోత కాబోయే ఆవిడ మొగుడని ఆ బల్ల ఆయనకు వదిలేశారు. "మీ అక్కకే లేని నొప్పి నీకెందుకు బామ్మర్దీ," అన్నాడు.

నాకు ఒళ్లు మండింది అందుకే. అక్కకు నిజంగానే నొప్పి లేదు.

"మోత కాదురా అది," అంది. "పడుకున్నాక సన్నగా తీగలా సాగుతుంది. బాగుంటుంది."

అది జబ్బేనని కుడి చెవి దగ్గర గొంతు చించుకున్నాను. చెవిలో ఉమ్మాలా ఏంటని తుడుచుకుంది.

ఇలా కాదు, రుజువు చూపిస్తానని ముగ్గురు పాత శ్రోతలను అక్క వంటింట్లో కూర్చోబెట్టాను. మీకు వినబడేది అందరికీ ఒకటే రాగం కదా, పాడండి అన్నాను. ఒకావిడ తుమ్మెదలా రొద చేసింది. ఒకావిడ సన్నగా ఈల వేసింది. ముసలావిడ మాత్రం రోకలితో దంచినట్టు దబ్‌దబ్‌మంది. ఇక దొరికారనుకుని రాగపెద్దను లాక్కొచ్చాను. ఆదిరాగం సంగతులన్నిటికీ ఆయనదే ఆఖరి మాట. కళ్లు మూసుకుని ముగ్గురినీ విన్నాడు. ఒక్కొక్కరికి ఒక్కో తీగ దక్కిందని, వాటిని ఒకచోట చేర్చిన పుణ్యం నాదేనని చెప్పి నా నెత్తిన చెయ్యి పెట్టాడు. మర్నాటి నుంచి మిల్లులో నాక్కూడా నమస్కారాలు. గోడకేసి తల బాదుకోవడం ఒక్కటే తక్కువ.

అక్కను శ్రోతను చేసే రోజుకి ముందు సాయంత్రం వాళ్లింట్లోనే ఉన్నాను. అక్క పొయ్యివైపు తిరిగి ఉంది. వాళ్ల మూడేళ్ల పాప వేలు తలుపు సందులో నలిగింది. కెవ్వుమంటుందని లేచాను. అనలేదు. పెదవి బిగబట్టి, పీట ఈడ్చుకొచ్చి, ఎక్కి, అక్క గడ్డం పట్టుకుని తనవైపు తిప్పుకుంది. అప్పుడు మొదలుపెట్టింది ఏడుపు.

అక్క దాని వేలికి తడిగుడ్డ చుట్టింది. ముడి వేస్తూ నన్నడిగింది.

"ఇది నన్ను వెనకనుంచి పిలవడం ఎప్పుడు మానేసిందిరా?"

నేను పీట తీసి మళ్లీ గోడకి ఆనించాను.

మర్నాడు మగ్గాలన్నీ ఆపారు. అక్కను మధ్యలో నిలబెట్టారు. బావ ఇస్త్రీ చొక్కాలో వచ్చాడు. ఏం వినబడుతోందో నలుగురికీ చెప్పు తల్లీ అన్నాడు రాగపెద్ద, కుడి చెవి దగ్గర వంగి.

"ఆగకుండా సాగుతోంది. బాగానే ఉంది," అంది అక్క. బావ మొహం వెలిగింది. "దానివల్ల మా పాప ఏడుపు వినబడట్లేదు. ఏడవాలంటే ముందు నా గడ్డం తిప్పుకుంటోంది. నాకీ పాట చాలు. మిగిలిన చెవి పాపకి కావాలి."

వంగి, మగ్గం కింద పేరుకున్న దూది తీసి, ఉండలు చేసి రెండు చెవుల్లో కుక్కుకుంది. తన పాత మగ్గం దగ్గరికి వెళ్లి ఆన్ చేసింది.

మేస్త్రీ అరిచాడు. రాగపెద్ద సృష్టి విడిపోతుందని అరిచాడు. అక్క తిరిగి చూడలేదు. సృష్టికేమీ కాలేదు. మగ్గం మీద ఒక పోగు తెగింది, అక్క ముడేసింది.

నేను చుట్టూ చూశాను. దూలాల మీద దూది, జుట్టులో దూది, ముక్కుల్లో దూది. అందులోనే మునిగి బతుకుతూ డాక్టరమ్మా, మేస్త్రీ, రుజువులూ అంటూ ఊరంతా తిరిగాను. చిటికెడు తీసి ఆమె చేతిలో పెట్టాలని నాకు తట్టలేదు, ఏడ్చినట్టుంది నా తెలివి. దబ్‌దబ్ ముసలావిడ మెల్లిగా వచ్చి నేలమీద గుప్పెడు ఏరుకుంది. ఎవర్ని ముందు తిట్టాలో తెలీక మేస్త్రీ ఇద్దరి మధ్యా పరుగులు పెట్టాడు.

శ్రోతగా పనికిరాదని తేల్చి, అక్కను శిక్ష కింద మడతల గదికి తోశారు. ముందే నేను కాళ్లావేళ్లా పడి అడిగింది అదే గదిని. టీ కొట్టులో బావ బల్ల పోయింది. నిలబడి తాగుతూ నన్ను తిడుతుంటాడు.

కుడి చెవి ఇంకా ఉంది. సాయంత్రం పని నుంచి రాగానే అక్క గోడవైపు తిరిగి నిలబడి, "పిలవవే," అంటుంది. పాప బుద్ధిగా చుట్టూ తిరిగి ముందుకొచ్చి గడ్డం పట్టుకుంటుంది.

"ఇటు కాదే. వెనక్కి పో, అక్కణ్నుంచి పిలువు," అని అక్క విసుక్కుంటుంది.