గుట్టదిక్కు దారి

నాగవ్వ మోపులు కట్టడానికి ఎండు చెరుకాకును మెలిపెడుతూ తల ఎత్తింది. ఇంకా సరిగ్గా తెల్లారలేదు. బోధన్ చక్కెర ఫ్యాక్టరీ పొగ మంచులో కలిసిపోయింది. చెరుకుతోట కొసన అడవిపంది నిలబడి ఉంది. పొదుగు వేలాడుతోంది, ఈనిన పంది. కాసేపు గాలి వాసన పట్టి గుట్టవైపు కదిలింది.

"ముత్యమన్నా, పంది పోయింది! గుట్టదిక్కే పోయింది, నా కండ్లతోని సూసిన."

"పోతే పీడ పాయె. దారి ఇడిసినంక పోకుంటె ఏం జేస్తది?" అన్నాడు ముఠా మేస్త్రి ముత్యం, కత్తి నూరుకుంటూ.

దారి వదలడం ఆ ముఠా పద్ధతి. తోటను మూడు దిక్కుల నుంచి నరుక్కుంటూ వస్తారు. గుట్టవైపు మాత్రం చివరిదాకా ముట్టరు. వేకువనో మునిమాపునో జంతువులు పిల్లల్ని తీసుకుని పొదల చాటున గుట్ట చేరుకునేవి. పోయిన ఎండాకాలం తోట ఆసామి బాపురావు పటేల్ ట్రాక్టర్ పెట్టి ఆ పొదలన్నీ దున్నించాడు. పక్కనే కొత్త రోడ్డు పడింది. గుట్ట ఉన్నచోటే ఉంది, మధ్యలో దాగడానికి మోకాలెత్తు గడ్డి కూడా లేదు. ఇది అందరికీ తెలుసు. పద్ధతి మార్చాలని మాత్రం ఎవరికీ తోచలేదు.

పంది సగం దుక్కి దాటి ఆగింది. లారీ దీపాలు మీద పడగానే వెనక్కి తిరిగి, పిల్లలున్న చెరుకులోకే దూరింది. అప్పటికి నాగవ్వ మోపు మీదికి వంగి ఉంది.

వంగడం ఆమెకు కొత్త కాదు. కాపురానికి వచ్చిన ఏడు నుంచి ఇదే పని. చెరుకాకు కోసిన గీతలు మోచేతుల దాకా ఉన్నాయి. మొగుడు పోయినా మోపులు ఆగలేదు. ఇన్నేళ్లు ఫ్యాక్టరీకి చెరుకు కట్టి పంపిన మనిషి ఇంట్లో చాయ్ మాత్రం బెల్లంతోనే తాగేది. ఉన్న ఆస్తల్లా ఒక బర్రె. అది మొన్ననే ఈనింది.

మధ్యాహ్నానికి తోట ఇల్లంత మిగిలింది. ఒక కుందేలు బయటికొచ్చి, బోసి దుక్కిని చూసి మళ్లీ లోపలికే ఉరికింది. పట్టపగలు కుందేలేమిటని జతకూలీ హన్మవ్వ నవ్వింది. నాగవ్వకు ఎందుకో నవ్వు రాలేదు.

పొద్దు గూకింది. కత్తులు ఆగాయి. బర్రెకు మేతగా చెరుకు కొసలు కోద్దామని నాగవ్వ కొడవలి తీసుకుని మిగిలిన చెరుకు వైపు నడిచింది.

"సీకటైతుంది. రేపు కోసుకుందువు పా అక్కా," అంది హన్మవ్వ.

"రేపు బండ్లోళ్లు ఎడ్లకని కొసలన్నీ ఎత్కపోతరు. బర్రె కడుపు నిండకుంటె దూడకే పాలు సాలవు. పంది పాయె గద, ఇంక భయమేంది?"

ఒక మోపు కోసి గట్టు మీద పెట్టింది. ఇంకో మోపు కోసం లోపలికి వెళ్లింది. ఆకు గలగలలాడింది. సన్నగా పిల్లలు కీచుమన్నాయి. తర్వాత వినబడింది నాగవ్వ గొంతే. అదీ ఒక్కసారే.

నింపిన చెరుకు దింపి, ఆమెను బండి మీద వేసుకుని బోధన్ తోలారు. కాలువ దాటకముందే ప్రాణం పోయింది. పంది, దాని పిల్లలు ఆ చెరుకులోనే ఉన్నాయి. వాటికి పోవడానికి చోటు లేదు.

హన్మవ్వ ఏడ్చుకుంటూనే గట్టు మీది మోపు ఎత్తుకుని బర్రెకు వేయడానికి వెళ్లింది. మోపు కింద నెత్తిన పెట్టుకోవడానికి నాగవ్వ చుట్టి ఉంచిన పాత చీరపేలిక మాత్రం గట్టు మీదే ఉండిపోయింది, ఇంకా చుట్ట వీడకుండా.