నలభయ్యో ఇంటి నేల

వానాకాలం మొదలైందంటే నోరాంబా ఊళ్లో అస్కాలెకి ఊపిరాడేది కాదు. మామూలు రోజుల్లోనే ఆమెకి ఊపిరి అంతంతమాత్రం. వానల్లో పని మీద పని.

పొద్దున్నే బార్లీ గింజలూ శనగలూ పెనం మీద వేయించి, పొట్లాలు కట్టుకుని, సిమెంట్ ఫ్యాక్టరీ గేటు ముందు ఆగిన లారీల వెంట తిరిగి అమ్మేది. లారీల వరుస ఊరు దాటి వంతెన దాకా సాగేది. అడిస్ అబాబాలో నెలకో మేడ లేస్తోంది. ఒకవైపు ఆనకట్ట, ఇంకోవైపు రైలుమార్గం. అందరికీ ఈ బస్తాలే కావాలి. బట్టీ ఏమో ఒక వారం తిరిగితే ఇంకో వారం విడిభాగం లేక ఆగిపోయేది. ఆ భాగం విదేశం నుంచి రావాలి, దానికి డాలర్లు కావాలి, డాలర్లు లేవు. డ్రైవర్లు మూడేసి రోజులు లారీల్లోనే పడుకుని, అస్కాలె గింజలు నములుతూ, కనబడినవాణ్నల్లా తిట్టుకునేవాళ్లు.

ఆమె ఇంటికి తిరిగొచ్చేసరికి గుమ్మంలో ఎవరో ఒకరు కూర్చుని ఉండేవారు.

"అస్కాలె అక్కా, మా ఆవుల కొట్టం బురదైపోయింది. ఓసారి వచ్చి నడిచిపోవా?"

అస్కాలె వెళ్లేది. ప్లాస్టిక్ చెప్పులు విడిచి, కొట్టంలో ఈ గోడ నుంచి ఆ గోడకి మెల్లగా నడిచేది. ఆమె పాదం పడినచోట తడిమట్టి బూడిదరంగుకి తిరిగేది. మర్నాటికి రాయిలా బిగిసేది. ఇంటివాళ్లు ఇంజెర రొట్టె మీద శనగపిండి కూర వేసి పెట్టి, కాఫీ పోసి పంపేవాళ్లు. ఊటబావికి పోయే దారి, చర్చి మెట్ల ముందు జాగా, కళ్లాలు, అన్నీ అలా గట్టిపడ్డవే. పందొమ్మిదేళ్లు ఫ్యాక్టరీ ప్యాకింగ్ షెడ్డులో బస్తా మూతిని సిమెంటు గొట్టానికి పట్టుకుని నిలబడ్డ మనిషి ఆమె. అంత దుమ్ము లోపలికి పోయాక ఎటోవైపు బయటికి రాకుండా ఎలా ఉంటుంది?

రెండేళ్ల కిందట, బస్తా ఎత్తబోయి కూలబడితే, ఫ్యాక్టరీ డాక్టరు ఛాతీ మీద గొట్టం పెట్టి విన్నాడు. "ఇంట్లో పొయ్యి పొగ వల్ల," అన్నాడు. మర్నాడు పనిలోంచి తీసేశారు. అప్పటినుంచి అస్కాలె మూడు మాటలకంటే ఎక్కువ ఒక్క ఊపిరిలో అనలేకపోయేది. మిగతా మాటలు పక్కింటి వర్కె పూర్తి చేసేది, అదీ తనకి అనుకూలంగా.

"వర్కె, ఆ ఉల్లిపాయలు..." అని అస్కాలె ఆగితే, "నువ్వే ఉంచుకో అంటావు, అంతేగా? దేవుడు చల్లగా చూడాలి నిన్ను," అని వర్కె కొంగులో వేసుకుని పోయేది.

ఆ వానల మధ్యలోనే ఫ్యాక్టరీ గోడకి ఒక నోటీసు అంటించారు. రెండో బట్టీ వస్తోంది. దాని సామాను అప్పుడే ఓడ దిగింది. గోడ కిందున్న పేట, నలభై ఇళ్లూ, ఖాళీ చేయాలి. సిమెంటు నేల ఉన్నది పక్కా ఇల్లు. ఆ ఇంటివాళ్లకి పైన గుట్ట మీద స్థలం, కట్టుకోవడానికి సొమ్ము ఇస్తారు. మట్టి నేల ఉన్నది తాత్కాలికం. వాళ్లు రెండు వారాల్లో తట్టాబుట్టా సర్దుకోవాలి, అంతే. సర్వే, వానలు వెలిశాక వచ్చే మస్కల్ పండగకి ముందు. అంటే ఐదు వారాలు.

పేట మొత్తంలో ఒక్క సిమెంటు నేల లేదు.

"కొనుక్కోవచ్చుగా!" అన్నాడు ఫ్యాక్టరీ భూముల అధికారి దెమెలాష్, తన గదికి వచ్చిన ఆడవాళ్లతో. మాటతీరు మెత్తని మనిషి. నవ్వకుండా కీడు చేయడం అతనికి చేతకాదు. "సిమెంటు ఊళ్లో ఉండి సిమెంటు దొరకలేదంటే విన్నవాళ్లు నవ్వరా?"

డీలరు దగ్గరికి వెళ్తే టౌను ఆఫీసు ఉత్తరం తెమ్మన్నాడు. టౌను ఆఫీసు జిల్లా ఉత్తరం అడిగింది. జిల్లాలో, పెద్ద ప్రాజెక్టులకే చాలడం లేదు, మీకెక్కడిది అన్నారు. లారీలు మాత్రం రోజూ నిండి, వాళ్ల గుమ్మాల మీద దుమ్ము పోసి పోతూనే ఉన్నాయి.

ఆ సాయంత్రం వర్కె వాకిట్లో కాఫీ కాస్తుంటే అందరూ చేరారు. ఫ్యాక్టరీ గేటు దగ్గర కాపలా చేసి రిటైరైన బెజాబె మామ కూడా వచ్చి కూర్చున్నాడు. ఇంటి లోపల నేల గట్టిగా ఉండాలని ఆ పేటలో ఎవరూ ఎప్పుడూ కోరుకోలేదు. పేడా మట్టీ కలిపి అలికిన నేల వెచ్చగా ఉంటుంది, పిల్లలు పడ్డా దెబ్బ తగలదు. అందుకే అస్కాలెని కొట్టాల్లోకి పిలిచారే గానీ ఇళ్లలోకి పిలవలేదు.

అస్కాలె కప్పు కింద పెట్టింది. "ఇళ్లలో నడుస్తా," అంది.

"నలభై ఇళ్లా?" అన్నాడు బెజాబె. "వాకిలి దాటితేనే ఆయాసపడతావు. చచ్చిపోతావే పిల్లా!"

"చస్తే... ఇక్కడే... చస్తా."

"అంటే మా ఇంట్లో ముందు మొదలుపెడతానంటోంది," అంది వర్కె.

వర్కె ఇంట్లోనే మొదలుపెట్టింది. సామాను బయటపెట్టి, వాగు ఇసుక పరిచి, నాలుగు కుండల నీళ్లు పోశారు. అస్కాలె గోడ పట్టుకుని నడిచింది. ఆ మూల, ఈ మూల, పొయ్యి చుట్టూ, మంచం ఉండే చోటు. దగ్గొస్తే ఆగింది. నీళ్లు తాగి మళ్లీ నడిచింది. మధ్యాహ్నానికి నేల నెరిసింది. మర్నాడు వర్కె పెద్ద రోకలితో పొడిచి చూసి, చెయ్యి జివ్వుమంటే, "ఓయమ్మా!" అని అరిచింది.

రోజుకి రెండిళ్లు. పన్నెండో ఇంట్లో చిన్న సంగతి జరిగింది. ఆ ఇంటి ముసలమ్మ తన కోడల్ని ఏదో దెప్పితే అస్కాలెకి నవ్వొచ్చింది. నవ్వుతూనే ఉంది, దగ్గు రాలేదు. ఇల్లంతా ఆమెకేసి చూసింది. ఆమె ఛాతీ మీద చెయ్యి వేసుకుని కాసేపు అలా నిలబడిపోయింది.

ఇరవయ్యో ఇంటికి, ఊటబావి నుంచి బిందె ఎత్తుకుని ఎక్కడా ఆగకుండా వచ్చింది. ఇరవై అయిదో ఇంటినాడు వర్కె ఏదో గిన్నె తీసుకుని జారుకోబోతుంటే, "వర్కె, ఆ గిన్నె మా అమ్మ నాకిచ్చింది, అందులో నేను పెరుగు తోడేసుకుంటాను, తెచ్చి ఉన్నచోట పెట్టు!" అంది, ఒక్క బిగిన. వర్కె నోరు తెరిచి గిన్నె పెట్టేసింది.

అప్పుడర్థమైంది అందరికీ. పందొమ్మిదేళ్లు లోపలికి పోయింది అరికాళ్లలోంచి దిగిపోతోంది. దిగేకొద్దీ అడుగు తేలికవుతోంది. తేలికయ్యేకొద్దీ నేల బిగియడానికి ఎక్కువసేపు పడుతోంది. ముప్పయ్యో ఇంటికి ఒక రోజు పూర్తిగా పట్టింది. ముప్పై అయిదో ఇంటికి రోజున్నర.

చివరికి మిగిలినవి రెండిళ్లు. బెజాబెది, తనది.

"ముందు నీది చేసుకో," అన్నాడు బెజాబె. "నాకు ముందూ వెనకా ఎవరూ లేరు. మా చెల్లెలింట్లో పడి ఉంటా."

"మీ చెల్లెలు నిన్ను మూడు రోజులు కూడా భరించదు మామా, నాకు తెలీదా? లే, మంచం తియ్యి."

"నేను నీ సంచీ రోజూ విప్పించినవాణ్ని. గుర్తుందా? పైట దులపమనేవాణ్ని, వానలో నిలబెట్టేవాణ్ని."

"గుర్తుంది. అందుకే మంచం త్వరగా తియ్యమంటున్నా."

బెజాబె ఇంటికి రెండు రోజులు పట్టింది. సర్వే ముందురోజు పొద్దున్న అస్కాలె తన ఇంట్లో నీళ్లు పోసుకుంది. పొద్దుగూకేదాకా నడిచింది. పాదాలు చక్కగా బురదలో దిగాయి, వేళ్ల సందుల్లోంచి బురద పైకొచ్చింది. మట్టి మట్టిలాగే ఉంది. ఆమె గుండెల నిండా గాలి పీల్చింది. అంత గాలి తనలో పడుతుందని మరిచిపోయి ఎన్నేళ్లయిందో. కాళ్లు కడుక్కుని అన్నం తినకుండా కూర్చుంది. ఏడవాలో నవ్వాలో తెలియలేదు ఆమెకి.

సర్వేకి టౌను ఆఫీసు నుంచి ఫెవెన్ అనే అమ్మాయి వచ్చింది. చేతిలో చిన్న సుత్తి, చంకలో కార్బన్ కాగితాలు పెట్టిన నంబర్ల పుస్తకం. పక్కన గొడుగేసుకుని దెమెలాష్. మొదటి ఇంట్లో సుత్తి ఖంగుమంది. రెండో ఇంట్లో ఖంగుమంది. అయిదో ఇంటికి దెమెలాష్ మొహంలో నవ్వు పోయింది. వంగి, నేల గోకి, పొడి నాలికకి అంటించుకున్నాడు.

"ఇది మా సరుకే. దొంగసొత్తు. రాయండి."

"మీదే," అంది అస్కాలె.

"ఒప్పుకుంది చూశారా?"

బెజాబె ముందుకొచ్చాడు. "అయ్యా, పందొమ్మిదేళ్లు గేటు దగ్గర ఈ మనిషిని సోదా చేసింది నేను. చిటికెడు కూడా గేటు దాటలేదు. ఎక్కడంటే అక్కడ ప్రమాణం చేస్తా."

"మరెలా వచ్చింది?" అంది ఫెవెన్.

"ఛాతీలో పెట్టుకుని తెచ్చానమ్మా," అంది అస్కాలె. "సంచీ విప్పమన్నారు, చెప్పులు విప్పమన్నారు. ఊపిరి వదలమని ఎవరూ అనలేదు."

"మా డాక్టరు ఎప్పుడో తేల్చాడు. ఈవిడకి ఉన్నది పొయ్యి పొగ," అన్నాడు దెమెలాష్.

"పొయ్యి పొగే ఇంత గట్టిగా ఉంటే ఇంక మీ ఫ్యాక్టరీ ఎందుకు బాబూ?" అంది వర్కె. పేట గొల్లుమంది.

ఫెవెన్ నవ్వలేదు. కలం ఎత్తి పట్టుకుంది. "దొంగసొత్తు అని రాయాలంటే ఎలా బయటికొచ్చిందో కూడా రాయాలి సార్. ఆవిడ చెప్పినట్టే రాస్తాను. కింద మీరు సంతకం పెట్టాలి."

దెమెలాష్ గొడుగు ఈ చేతిలోంచి ఆ చేతికి మార్చుకున్నాడు. ప్యాకింగ్ షెడ్డులో అప్పటికి రెండొందల మంది ఆడవాళ్లు అదే దుమ్ములో పనిచేస్తున్నారు.

"పక్కా అని రాయండి," అన్నాడు చివరికి.

అలా ముప్పై తొమ్మిది ఇళ్లు. నలభయ్యో ఇంట్లో ఫెవెన్ సుత్తి మెత్తగా దిగబడింది. దెమెలాష్ ఊపిరి పీల్చుకున్నాడు. "ఇది తాత్కాలికం. రాసేయండి."

"అస్కాలె ఇల్లు తాత్కాలికమా!" వర్కె అరిచింది. "మా ఇంటి నేల పగలగొట్టి తెస్తానుండు!"

"ఆగు వర్కె." అస్కాలె ఫెవెన్ ముందుకి వచ్చింది. "ఉన్నది రాయమ్మా. మట్టి నేలే. పక్కన ఏదో గడి ఉందే, అదేంటి?"

"కారణం."

"అయితే కారణం రాయి. పందొమ్మిదేళ్లు ఫ్యాక్టరీలో మింగిన దుమ్ము ముప్పై తొమ్మిది ఇళ్లకి సరిపోయింది, నలభయ్యో ఇంటికి రాలేదు అని రాయి. ఇప్పుడు ఛాతీలో ఏమీ లేదు, కావాలంటే ఆ డాక్టర్ని తీసుకొచ్చి వినమను అని కూడా రాయి."

ఫెవెన్ రాసింది. అక్షరం పొల్లుపోకుండా, కలం నొక్కి మరీ రాసింది. మూడు కాగితాల మీద పడింది.

"అది కొట్టేయండి," అన్నాడు దెమెలాష్.

"నంబరున్న పుస్తకం సార్. కొట్టేస్తే పేజీ చెల్లదు. పేజీ చెల్లకపోతే నలభై ఇళ్లూ మళ్లీ మొదటినుంచి. వచ్చే నెల దాకా నాకు తీరిక లేదు."

ఓడ దిగిన సామాను రేవులో ఎండుతోంది. దెమెలాష్ గొంతు తగ్గించి అస్కాలె దగ్గరికి వచ్చాడు. "చూడమ్మా, నేను చెడ్డవాణ్ని కాను. నీదీ పక్కా అనే రాయిస్తా. కారణం గడి ఖాళీగా ఉంటుంది. గుట్ట మీద మంచి స్థలం, మూలది ఇప్పిస్తా. ఏమంటావు?"

బెజాబె ఆమె మోచెయ్యి గిల్లాడు, ఒప్పుకోమన్నట్టు.

"నాది మట్టి నేల బాబూ," అంది అస్కాలె. "నువ్వు పక్కా అంటే పక్కా అయిపోతుందా? నా ఊపిరి తినేసి పొయ్యి పొగ అన్నారు. ఇప్పుడు మట్టిని సిమెంటు అనమంటున్నావు. ఒకసారి మీ అబద్ధం కింద నోరెత్తలేకపోయా, అప్పుడు గాలి లేదు. ఇప్పుడుంది. సంతకం పెట్టు."

అతను పెట్టాడు. పెట్టక తప్పలేదు.

మస్కల్ పండగ మంటలు వెలిగి ఆరాయి. ముప్పై తొమ్మిది కుటుంబాలు గుట్ట మీదికి వెళ్లాయి. సర్వే పుస్తకంలో నలభయ్యో ఇంటి వరుస మీద తగువు కోర్టుకెక్కింది. అది తేలేదాకా ఆ ఇంటిని ఎవరూ ముట్టుకోకూడదన్నారు. కొత్త బట్టీ గోడ గీత గీసినట్టు వచ్చి, అస్కాలె ఇంటి దగ్గర వంకర తిరిగి, మళ్లీ తిన్నగా పోయింది. పొద్దున్నే ఆమె గింజలు వేయిస్తుంటే ఆ వాసనకి గోడ అవతల తాపీ మేస్త్రీలు తలలు పైకెత్తేవాళ్లు.

విచారణ రోజున వాన పడి వెలిసింది. ప్యాకింగ్ షెడ్డులో పనిచేస్తున్నవాళ్లూ, పనిలోంచి తీసేసినవాళ్లూ, అరవై మంది ఆడవాళ్లు ఫెవెన్ రాసిన ఆ పేజీ నకళ్లు పట్టుకుని కోర్టు ఆవరణలోకి వచ్చారు. లోపల చోటు చాలదు, బయటే నిలబడమన్నారు.

"చెప్పులు విప్పండి," అంది అస్కాలె.

విప్పారు. బురదలో వట్టికాళ్లతో, భుజం భుజం ఆనించి నిలబడ్డారు. ఒకామె దగ్గింది. ఇంకొకామె పక్కామె చెయ్యి పట్టుకుంది.

కాసేపటికి బంట్రోతు పేరు పిలవడానికి వరండాలోకి వచ్చాడు. పిలవబోయి ఆగాడు. ఆవరణ ఈ చివర నుంచి ఆ చివర దాకా తేరిపార చూశాడు. మెట్టు దిగి, బూటు మడమతో నేలని ఒకసారి తట్టాడు. ఖంగుమంది.

తర్వాత లోపలికి వెళ్లి, జడ్జిగారి పక్కన నిలబడి, "అయ్యా, మీరు ఓసారి బయటికి రావాలి," అన్నాడు.