గూటిలో పిడుగు

నేను ఒక రాతి గొడ్డలిని. చూసినవాళ్లకు అలా తోచదు. పిడికిట్లో పట్టే నల్లరాయిని, ఒక కొన మొద్దు, ఒక కొన అంచు. ఇన్నేళ్లలో నన్ను గొడ్డలి అని గుర్తించినవాళ్లు ఇద్దరే. ఒకడు నన్ను చేసినవాడు, రెండోవాడు చదువుకున్నవాడు. ఆ ఇద్దరికీ నడుమ అయిదువేల ఏళ్లు గడిచాయి. ఆ నడుమ నన్ను ఇంట్లో పెట్టుకున్నవాళ్లు పిడుగు అన్నారు. నాకు అలవాటైన పేరు అదే.

నన్ను చేసినవాడి పేరు తెలియదు. గుట్ట మీద రాయి పగలగొట్టి తెచ్చి, చెక్కి, వాగు పక్కన బండ మీద ఇసుకా నీళ్లూ పోసి నూరాడు. పశువులు మేస్తున్నంతసేపూ అదే పని. వానాకాలం దాటాక కూడా నూరుతూనే ఉన్నాడు. ఆ బండ మీద పడిన గాడి ఇప్పటికీ ఉంది. వానపడితే అందులో నీళ్లు నిలుస్తాయి, గొర్రెపిల్లలు తాగుతాయి.

వాళ్లు పశువుల మంద మీద బతికినవాళ్లు. నన్ను చేసినవాడు నాకు కర్ర పిడి బిగించి, దొడ్డికి కంచె వేయడానికి తుమ్మకొమ్మలు కొట్టేవాడు. దొడ్డిలో పేడ గుట్టగా పెరిగేది. కొన్నేళ్లకొకసారి దానికి నిప్పు పెట్టేవాళ్లు. ఎందుకో నాకు చెప్పలేదు. చదువుకున్నవాళ్లలో కొందరు పండగ కోసం అంటారు, కొందరు రోగం పోవడానికి అంటారు. వాదన ఇంకా తేలలేదు. ఒకరోజు పిడి విరిగి నేను పేడలో పడ్డాను. కాసేపు వెతికారు, వదిలేశారు. తరవాత నిప్పు వచ్చింది, తరవాత బూడిద. తరవాత మనుషుల మాటలు వినిపించలేదు.

నిద్రపోయాను అంటే బాగుంటుంది. కానీ రాయికి నిద్ర లేదు. ఉన్నాను, అంతే.

పైన వేరే మనుషులు వచ్చారు. బూడిదదిబ్బను చూసి, ఇక్కడ ఒక రాక్షసుణ్ని కాల్చారని చెప్పుకున్నారు. కొన్ని తరాలపాటు అటు తొక్కకుండా చుట్టు తిరిగి వెళ్లారు. తరవాత ఎవరో ఆ బూడిద చేలో చల్లితే వేరుశనగ బాగా కాసింది. దాంతో రాక్షసుడి భయం పోయింది. బండ్లు కట్టుకొచ్చి తోలుకుపోవడం మొదలుపెట్టారు.

ఒక ఎండాకాలం చివర గాలివాన వచ్చింది. మాళప్ప అనే కురుబాయన గొర్రెలు దిబ్బ పక్కన ఉండగా పిడుగు పడి రెండు చచ్చిపోయాయి. తెల్లవారి చూసుకోవడానికి వచ్చాడు. చచ్చిన గొర్రెలకు నాలుగడుగుల దూరంలో, వాన కడిగేసిన బూడిద మీద నేను ఉన్నాను. నిన్న అక్కడ రాయి లేదు, ఇవాళ ఉంది, నడుమ పిడుగు పడింది. కోర్టుల్లో ఇంతకంటే తక్కువ సాక్ష్యంతో మనుషులను జైలుకు పంపుతారు. మాళప్ప నన్ను కంబళిలో చుట్టి ఇంటికి తీసుకుపోయాడు.

ఒకసారి పడిన పిడుగు తానున్న ఇంటి మీద మళ్లీ పడదని వాళ్ల నమ్మకం. పొయ్యి పైనున్న గూట్లో పెట్టారు. అమావాస్యకు ఆముదం రాసి పసుపు పూసేవాళ్లు. మిగతా రోజుల్లో పొగ పట్టేది. ఏళ్లు గడిచేకొద్దీ నా మీద ఒక తొక్క కట్టింది. అలా మూడు తరాల పొగ పట్టింది. ఆ తొక్క కింద నా రంగేమిటో ఆ ఇంట్లో ఎవరికీ తెలియదు.

తొలకరికి లేతగడ్డి మేసి గొర్రెలకు చిటుకు రోగం వస్తుంది. పొద్దున మేసినది సాయంత్రానికి ఉండదు. అప్పుడు నన్ను నీళ్లకుండలో వేసి, ఆ నీళ్లు వేపరెమ్మతో మంద మీద చల్లేవాళ్లు. ఊళ్లో ఏ దొడ్డివాళ్లు అడిగినా ఇవ్వాలి, లేదనగూడదు. తీసుకుపోయినవాళ్లు దీపం పెట్టే వేళకు తిరిగి తేవాలి, నాతోపాటు చేరెడు జొన్నలు తేవాలి. పిడుగు ఒట్టిచేతులతో ఇల్లు చేరగూడదు. ఈ కట్టుబాటును ఎవరూ ఎవరికీ చెప్పినట్టు నేను వినలేదు. అందరికీ తెలుసు.

ఈరమ్మ మాళప్ప మనవడికి పెళ్లామై ఆ ఇంటికి వచ్చింది. అత్త పోయాక గూడు ఆమె చేతికి వచ్చింది. కొన్నేళ్లకు మొగుడు బీరప్ప కూడా పోయాడు. ఆమెకు పొలం లేదు. ఓ పది గొర్రెలు, ఒక గది, నేను. కానీ తొలివాన పడితే ఊరు ఆమె గుమ్మంలో ఉండేది. "ఈరక్కా, ముందు మా దొడ్డికి రా" అని ఒకరు, "పోయినేడు వాళ్లకే ముందు పోతివి, ఈసారి మాకు" అని ఒకరు. పిలిచినచోటికి ఆమే నన్ను కొంగులో కట్టుకుని బయలుదేరేది. దారిలో నాతో మాట్లాడేది.

"మోకాళ్లు పట్టుకపోతాండాయి పిడుగూ. నీకేమి, కొంగులో కూసుంటివి."

నాతో ఎవరైనా మాట్లాడారంటే అది ఆమే. నన్ను చేసినవాడు నాతో మాట్లాడలేదు.

భానోజీరావు గారు కోస్తా నుంచి వచ్చారు, పురావస్తుశాఖ మనిషి. దిబ్బ పూర్తిగా పొలాల్లో కలిసిపోయేలోపు చూడాలని వచ్చారు. రోజంతా నడుం వంచి నేల చూస్తూ తిరిగారు. ఈరమ్మ గొర్రెలను మళ్లిస్తూ ఆగింది.

"ఏమి పోగొట్టుకుంటివి సార్?"

"నేను కాదమ్మా. వెనకటివాళ్లు పోగొట్టుకున్నవి వెతుకుతున్నాను."

"ఎప్పుడు పోగొట్టుకున్న్యారు?"

"అయిదువేల ఏళ్లు అయ్యుంటుంది."

ఈరమ్మ ఆలోచించింది. "ఇన్నాళ్లూ ఏం చేస్తాంటివి మరి?"

ఆయన నవ్వారు. ఎండకు మొహం కందిపోయింది. ఆమె ఇంటికి పిలిచి మజ్జిగ ఇచ్చింది. తాగుతూ ఆయన తలెత్తి గూట్లోకి చూశారు. గ్లాసు కింద పెట్టారు.

"అది గొడ్డలమ్మా."

"పిడుగు సార్."

"ఎక్కడ దొరికింది?"

"దొరకలేదు, పడింది. దిబ్బకాడ. మా ఆయప్పోళ్ల తాత తెచ్చినాడు."

"నేను చూసి ఇస్తాను, ఇవ్వగలరా?"

అడిగినవాళ్లకు లేదనగూడదు. ఆమె నన్ను దించి ఆయన చేతిలో పెట్టింది. దీపం వేళకు తేవాలని చెప్పలేదు, అది తెలియనివాడు ఉంటాడని ఆమె ఎరగదు. ఇలాంటి వస్తువు సర్కారుదనీ, మ్యూజియానికి చేరుతుందనీ ఆయనా చెప్పలేదు. అది తెలియనివాళ్లు ఉంటారని ఆయనకు తోచలేదు. ఇద్దరిలో ఎవరూ అబద్ధం ఆడలేదు.

ఆ సాయంత్రం జీపులో నేను ఒంటరిగా లేను. చుట్టుపక్కల ఊళ్లలో ఎన్నో గూళ్లు ఖాళీ అయ్యాయి. నాలాంటివి ముప్పైకి పైగా ఒక గోనెసంచిలో ఉన్నాయి. ఒకదానికొకటి తగిలాం. మా దగ్గర రకరకాల ఇళ్ల పొగవాసన ఉంది.

మ్యూజియంలో మమ్మల్ని మందునీళ్లలో వేశారు. బ్రష్షుతో రుద్దారు, సందుల్లో సూదితో గీకారు. నా తొక్క ఊడింది. ఆముదం, పసుపు, మూడు తరాల పొయ్యిపొగ నల్లనీళ్లయి తూములో పోయాయి. కింద నూరిన గీతలు కనిపించాయి. భానోజీరావు గారు భూతద్దం పెట్టి వాటిని చూస్తూ చాలాసేపు కూర్చున్నారు. నన్ను చేసినవాడి శ్రమను గుర్తించిన మనిషి అన్ని వేల ఏళ్లలో ఆయన ఒక్కరే. అందుకు నాకు ఆయన మీద కోపం లేదు. అయిదువేల ఏళ్లనాటి చెయ్యి ఆయనకు కనిపించింది. నిన్నటి చెయ్యి మురికిగా కనిపించింది.

రిజిస్టరులో దొరికిన చోటు అనే గడిలో దిబ్బ పేరు రాశారు. మా అందరికీ అదే పేరు. ఈరమ్మ గూడు ఆయన లెక్కలో దొరికిన చోటు కాదు. ఆయన రాసిన వ్యాసం వల్ల దిబ్బ చుట్టూ కంచె వేసి బోర్డు పెట్టారు. అప్పటికి దిబ్బ నడుమెత్తే మిగిలింది.

నన్ను సొరుగులో పెట్టి మూశారు. బూడిదలో ఉన్నప్పుడు ఎవరైనా వస్తారని నేను ఎదురుచూడలేదు, ఎందుకంటే అప్పటికి కొంగు సంగతి నాకు తెలియదు. సొరుగులో తెలిసింది. సాయంత్రాలు పక్క వీధిలో ఎవరో పొయ్యి వెలిగిస్తే పొగ కిటికీ దాకా వచ్చి ఆగిపోయేది. మిగతా రాళ్లు కూడా నాలాగే చర్మం ఒలిచినట్టు పడి ఉన్నాయి. వాటికీ ఒక్కొక్క ఇల్లు ఉండి ఉండాలి. ఎవరూ ఎవరినీ అడగలేదు.

రెండు వానాకాలాలు పోయాయి. మూడోదానికి ముందు, ఒక మధ్యాహ్నం, సొరుగు అవతల ఈరమ్మ గొంతు వినిపించింది.

భానోజీరావు గారు బదిలీ మీద వెళ్లిపోయి అప్పటికి ఏడాది దాటింది. సామాన్లగది బాధ్యత హైమవతి అనే ఆఫీసరుది. ఈరమ్మ ఆమెతో అంటోంది:

"దీపం పెట్టి కూసున్న్యా ఆ పొద్దు. మరుసటి పొద్దు గూడా. ఆయప్ప మరిచినాడేమో అనుకుంటి. పోయినేడు చిటుకొచ్చి సుంకమ్మోళ్ల గొర్రెలు పదిదాకా పాయ. నా మీద పడిరి. చదువుకున్నోడొచ్చి నవ్వితే ఇంట్లో పిడుగు తీసిచ్చినాది, రేపు మంద గూడా తోలిచ్చేస్తాదిలే అని. ఇప్పుడు నన్ను ఏ దొడ్డికీ పిలవరు. ఎదురొస్తే గొర్రెల్ను పక్కకు తోల్తారు తల్లీ. దిబ్బకాడ బోర్డు చదివిచ్చుకోని ఈడికి వస్తి."

"గొర్రెలకు టీకా వేయించారా అమ్మా?"

"ఏపిచ్చినారు. పిడుగున్నప్పుడు గూడా కొన్ని చచ్చేటివి. అప్పుడు ఎవురూ లెక్కబెట్టలా."

కుర్చీ జరిగింది. తరవాత తాళంచెవుల చప్పుడు వినిపించింది.

"వస్తువు బయటికి ఇచ్చే అధికారం నాకు లేదమ్మా. కానీ ఏది మీదో చెబితే పైవాళ్లకు రాస్తాను. వానల రోజుల్లో మీ ఊరికి పంపమని అడుగుతాను. మాట మాత్రం ఇవ్వలేను."

సొరుగు తెరుచుకుంది. వెలుతురు వచ్చింది. ఈరమ్మ మొహం మా మీదికి వంగింది. చిక్కిపోయింది. సంతలో తప్పిపోయిన గొర్రెకోసం వచ్చిన మనిషి అన్ని గొర్రెలకూ ఉన్ని కత్తిరించి ఉండటం చూస్తే ఎలా ఉంటుందో అలా ఉంది.

ఒక్కొక్క రాయినే తీసి, అరచేతిలో తూచి, ముక్కు దగ్గర పెట్టుకుంది. నన్ను ఆమె ఎప్పుడూ కళ్లతో ఎరగదు. గూట్లో చీకటి. జిగట, బరువు, వాసన, ఇవే గుర్తులు.

నా వంతు వచ్చింది. ఆమె చెయ్యి మారలేదు. బొటనవేలు నా మొద్దుకొన మీదికి తనంతట తానే పోయింది, కొంగు ముడేసేటప్పుడు పోయినట్టు. అక్కడ ఆగింది.

"బరువు సరిపోతాంది" అంది. ముక్కు దగ్గర పెట్టుకుంది. మందునీళ్ల వాసన తప్ప నా దగ్గర ఏమీ లేదు. మళ్లీ చూసింది. "పచ్చిగుంది. మాది ఇట్లుండదు."

నన్ను పెట్టేసి పక్కదాన్ని తీసింది. అదీ బరువు సరిపోయింది.

రాయికి నోరు ఉంటే బాగుండునని మనుషులు సామెతలా అంటుంటారు. అప్పుడు నేనూ అనుకున్నాను.

చివరి రాయి కూడా పెట్టేశాక హైమవతి మెల్లగా అంది, "ఏదో ఒకటి చెప్పమ్మా. రాస్తాను. మీ ఊళ్లో మాత్రం ఎవరికి తెలుస్తుంది?"

ఈరమ్మ సొరుగు వంక చూసింది. ఆమెకు కావలసినది అక్కడే ఉంది. ఏదో ఒకటి తీసుకుపోతే ఊరు మళ్లీ గుమ్మంలోకి వస్తుంది.

"ఇవన్నీ దిబ్బకాడివేనా తల్లీ?"

"అలాగే రాసుంది. చాలావరకు ఇళ్లలోంచి తెచ్చినవే అయ్యుంటాయి."

"అట్లయితే నాలాంటిది ఇంగొకతె వస్తాది. నేనెత్తుకపోయింది దానిదైతే? దాని గొర్రెలేం గావాల?"

హైమవతి చేతిలోని రిజిస్టరు మూసింది.

ఈరమ్మ కొంగు ముడి విప్పింది. అందులో చేరెడు జొన్నలు ఉన్నాయి. "ఆయప్ప కోస్తావాడు, ఆయప్పకు తెలీదని నేనే తెచ్చుకుంటి. ఒట్టిచేతుల్తో ఇంటికి తోలుకపోగూడదని. ఈడ పోయొచ్చునా?"

సొరుగుల్లో గింజ ఉంటే పురుగు పడుతుంది. అది నిబంధన. హైమవతి ఆమె వంక చూసి, కిటికీ రెక్క సరిగా పడలేదన్నట్టు వెళ్లి అటు తిరిగి నిలబడింది.

ఈరమ్మ మా అందరి మధ్యా జొన్నలు చల్లింది, వేపరెమ్మతో నీళ్లు చల్లినట్టు. కొన్ని నా మీద పడ్డాయి.

"ఊళ్లో ఏం చెప్తారమ్మా?" హైమవతి కిటికీ దగ్గరినుంచే అడిగింది.

"ఉండాదని చెప్తా. ఒంటిగా లేదు, మందలో ఉండాదని చెప్తా."

"నమ్ముతారా?"

"చూస్తాం." ఒట్టి కొంగు దులుపుకుంది. "మోకాళ్లు పట్టుకపోతాండాయి. బస్సు ఎక్కాల."

ఆ మాట ఆమె ఎవరితో అందో హైమవతికి తెలియదు. నాకు మాత్రం తెలుసు, అలవాటు కొద్దీ నాతోనే అంది.

ఆ తరవాత ఆమె రాలేదు. ఆ ఏడు మళ్లీ ఎవరైనా ఆమెను దొడ్డికి పిలిచారో లేదో నాకు తెలియదు. సొరుగుకు కబుర్లు రావు. వానలు మొదలైన సంగతి మాత్రం కిటికీ రెక్క చప్పుడుతో తెలిసింది. తనిఖీకి ముందు మనిషి వచ్చి కుంచెతో జొన్నలన్నీ ఊడ్చాడు. ఒక గింజ నా అంచు కింద ఇరుక్కుంది. అతనికి కనిపించలేదు.

అది ఇంకా అక్కడే ఉంది. నేను ఇల్లు చేరలేదు. చేరే రోజంటూ వస్తే, ఒట్టిచేతులతో మాత్రం పోను.