ఒంటికన్ను డోర్కస్ మంట దాటిన రోజు

టెక్సాస్‌లో కెనడియన్ నదికి ఇవతల అడిగినా అవతల అడిగినా ఒకటే మాట చెబుతారు. ఎబెన్ స్ట్రౌడ్ బుద్ధెరిగిన నాటినుంచి గుర్రం మీంచి కిందపడి ఎరగడు. జీను మీద కూర్చున్నాడంటే బంక పెట్టి అతికించినట్టే. నిద్రపోయినా పడడు, తప్పతాగినా పడడు, పక్కనే పిడుగు పడితే పిడుగే పడాలి తప్ప అతను పడడు. నా తెల్లగడ్డం మీద ఒట్టేసి చెబుతున్నాను, టెక్సాస్ మొత్తం గాలించినా అలాంటి రౌతు మరొకడు దొరకడు.

ఆ గొప్ప రౌతుకి ఒక చెడ్డ అలవాటు ఉండేది. దొర పశువుల మందని తోలుకుంటూ ఆర్ఫా టాలివర్ ఇంటి మీదుగా పోయినప్పుడల్లా ఆగి, ఆమె గుర్రాన్ని వెక్కిరించనిదే ముందుకు కదిలేవాడు కాదు.

ఆర్ఫా మొగుడితో కలిసి మిసోరి నుంచి బండి కట్టుకుని వచ్చింది. రెండో చలికాలంలో మొగుణ్ణి జ్వరం తీసుకుపోయింది. ఆమె మాత్రం కదల్లేదు. పచ్చిక గడ్డలు కోసి ఇటుకల్లా పేర్చిన ఇల్లు, పాలిచ్చే ఆవు ఒకటి, డోర్కస్ అనే ముసలి నాగలి గుర్రం, ఇంటి వెనక గడ్డివామి. అదీ ఆమె ఆస్తి. ఆ వామిని వేసవంతా ఒక్కతే కొడవలి పట్టి కోసి, మోసి, పేర్చింది. వామి ఉంటే చలికాలం ఆవు బతుకుతుంది. ఆవు బతికితే ఆర్ఫా ఇక్కడ బతుకుతుంది. వామి పోయిందా, మళ్ళీ మిసోరి పోయి మరిది ఇంట్లో అంట్లు తోముకోవాల్సిందే. తోటికోడలు నోరు ఎలాంటిదో ఆర్ఫాకి బాగా తెలుసు.

డోర్కస్‌కి పిల్లప్పుడే ముల్లు గుచ్చుకుని ఎడమ కన్ను పోయింది. అందుకని నాగలి దున్నినంతసేపూ ఆర్ఫా దానితో మాట్లాడుతూనే ఉండేది. ఇదుగో రాయి, ఇదుగో గుంట, ఇదుగో మన ఆవు, బెదరకు. ఎడమవైపు లోకమంతా ఆ గుర్రానికి ఆర్ఫా గొంతులోనే ఉండేది.

"ఏమ్మా, చర్చి బల్లని ఇవాళ బయట వేశారా?" అనేవాడు ఎబెన్. "నాలుగు కాళ్ళైతే ఉన్నాయిగానీ నడవగా ఎవరూ చూళ్ళేదు."

"నడిచే గుర్రానికి తిండి పెడతాను నాయనా. ఎగిరే గుర్రాన్ని నీలాంటి వాడు పోషించాలి. ఇద్దరికీ పని తక్కువ, ఎగురుడెక్కువ."

ఎబెన్ వెంట ఎప్పుడూ ఉండే లాజారో ఉర్రియా టోపీ ముఖం మీదికి లాక్కుని నవ్వుకునేవాడు. సరిహద్దు అవతలి నుంచి వచ్చినవాడు, మాట తక్కువ, తాడు విసరడంలో మొనగాడు.

ఆ ఏడు వాన ముఖం చూపించలేదు. అక్టోబరు నెలకి గడ్డి ఎంత ఎండిందంటే నడిస్తే కాలికింద అప్పడంలా విరిగేది. ఒకనాటి మధ్యాహ్నం ఆర్ఫా ఆవుకి నీళ్ళు పెడుతూ తలెత్తి చూసింది. పడమట గోడ లేచి ఉంది. పొగ గోడ. దాని అడుగున సన్నగా, పొడుగ్గా, కంటిచూపు ఆనినంత మేరా ఎర్రటి అంచు. సూర్యుడు రాగిబిళ్ళయిపోయాడు. ఆవు నీళ్ళు తాగడం మానేసింది.

ముందు జంతువులు వచ్చాయి. జింకలు ఇంటికి రెండు వైపులా వరదలా పారిపోయాయి. కుందేళ్ళు పోయాయి. ఆ కుందేళ్ళ మధ్యనే ఒక తోడేలు, పక్కనున్నది తన తిండన్న సంగతే మరిచి, వాటితోపాటే పరిగెత్తింది. పైన డేగలు మాత్రం పొగ అంచున తిరుగుతూ, మంట తరిమిన మిడతల్ని తీరిగ్గా ఏరుకు తింటున్నాయి. ఎవరి పెళ్ళి ఎవరికి విందో! ఆర్ఫా చేతిలో బకెట్ అలాగే ఉండిపోయింది. భయపడాలన్న సంగతి కూడా కాసేపటిదాకా ఆమెకి తోచలేదు. ఇంత పెద్దదాన్ని దేవుడు ఇంత తేలిగ్గా ఎలా తోలుతున్నాడా అని చూస్తూ నిలబడింది.

మంట తల, అంటే గాలి తోసే ముందు కొస, ఇంటికి దక్షిణంగా, తూర్పువైపు దూసుకుపోయింది. దాన్ని ఆపడం మనిషి తరం కాదు. దాని పక్క అంచు మాత్రం మోకాలెత్తు మంటతో, పాములా మెల్లగా ఇంటివైపు పాకుతోంది. గాలి పడమటి నుంచి వీస్తున్నంతసేపు అది అలా మెల్లగానే వస్తుంది. కానీ ఆ ప్రాంతంలో సాయంత్రమయ్యేసరికి గాలి దక్షిణం నుంచి వీచేలా తిరుగుతుంది. తిరిగిందంటే ఆ పక్క అంచే తలవుతుంది. వామి, ఆవు, అన్నీ బూడిదే.

ఎబెన్, లాజారో గుర్రాలు దౌడు తీయిస్తూ, ముందు ఒక కోడెను తోలుకుంటూ వచ్చారు. వచ్చీరాగానే ఎబెన్ తుపాకీతో కోడెను కాల్చాడు. లాజారో టోపీ తీసి ఒక్క క్షణం ఆగి, గొడ్డలి అందుకున్నాడు.

"మీ దొర కోడెను చంపేశావా!" అంది ఆర్ఫా. "నా గడ్డి కోసమా?"

"మీ గడ్డి సంగతి దేవుడెరుగు. దీని వెనకాల మా దొర గడ్డి ఇరవై మైళ్ళుంది," అన్నాడు ఎబెన్. "గోనెసంచులు తడపండి. తొందరగా!"

ఆ పని తెలిసినవాళ్ళకి తెలుసు. కోడెను నిలువునా రెండుగా చీలుస్తారు. నెత్తురు కారే లోపలి వైపు నేలకి ఉండేలా బోర్లించి, ముందు కాలికొక తాడు, వెనక కాలికొక తాడు కట్టి, రెండు గుర్రాల జీనులకి తగిలిస్తారు. ఒక గుర్రం మంటకి ఇవతల ఎండుగడ్డి మీద, రెండోది అవతల కాలిన నేల మీద. మధ్యలో ఆ తడి బరువు మంటని నేలకి తొక్కేస్తూ పోతుంది. వినడానికి సులువే. కానీ రెండో గుర్రం ముందు మంటని దాటాలి. దాటి, సెగ పక్కనే పరిగెత్తాలి.

లాజారో గుర్రం పొద్దుట్నుంచీ కాలిన నేల మీదే పని చేసి గిట్టలు మాడ్చుకుంది. ఇక మిగిలింది ఎబెన్ గుర్రం, కల్నల్.

"చూడండమ్మా, దూకడమంటే ఏమిటో," అని ఎబెన్ కళ్ళెం వదిలాడు. కల్నల్ బాణంలా పోయింది. మంట ముందు బాణం ఆగింది. ఎబెన్ ఆగలేదు.

కిందపడి ఎరగడని మొదట్లో అన్నానా? అన్నాను. ఆ మాట ఆ రోజు భోజనాల వేళ దాకా అక్షరాలా నిజం. ఆ తర్వాత కాసేపట్లోనే మూడుసార్లు పడ్డాడు. మూడోసారి ముళ్ళజెముడు పొద మీద పడ్డాడు. నా గడ్డానిదేముంది, ఒట్టు గట్టున పెట్టేస్తే మళ్ళీ పెరుగుతుంది.

"బంక ఎండిపోయినట్టుంది ఎబెన్," అన్నాడు లాజారో. ఆ రోజుకి అతను మాట్లాడిన మొదటి మాట అదే.

ఎబెన్ ఒంట్లో ముళ్ళు పీక్కుంటూ చుట్టూ చూశాడు. మంట దగ్గరవుతోంది. ఆర్ఫా అప్పటికే డోర్కస్‌ని పట్టుకొచ్చి నిలబెట్టింది.

"చర్చి బల్లా?" అన్నాడు ఎబెన్.

"జీను దీనికి మార్చు. తూర్పుకి పోతే మంట ఏ పక్కనుంటుంది?"

"ఎడమ పక్క." అన్నాక అతని నోరు అలాగే తెరుచుకుపోయింది. "అయితే దానికి..."

"కనపడదు. మార్చు."

జీను కట్టి, ఎబెన్ తనే ఎక్కాడు. అదిలించాడు, బతిమాలాడు, చర్చిలో వినపడని మాటలన్నీ అన్నాడు. డోర్కస్ పాతేసిన గుంజలా నిలబడింది. ఎడమ పక్క నుంచి తెలియని గొంతు వస్తుంటే అది అడుగు తీసి అడుగు వేస్తుందా? ఆర్ఫా అతని మోకాలు పట్టుకుని కిందికి లాగింది.

"దిగు నాయనా. దానికి నీ బూతులు అర్థం కావు. మిసోరి గుర్రం."

"అమ్మా, జీను మీద ఎప్పుడైనా కూర్చున్నారా?"

"లేదు. నాకంటే నువ్వే ఎక్కువసార్లు పడ్డావు గదా ఇవాళ."

ఆర్ఫా నడుముకి కట్టుకున్న వంటగుడ్డని తడిపి గుర్రం కుడికంటికి కట్టింది. ఇప్పుడు దానికి రెండు వైపులా చీకటే. లంగా మోకాళ్ళకి ముడేసుకుని, ఎబెన్ చేతుల మీద కాలు మోపి ఎక్కింది. ముందుకు వంగి చెవిలో మాట్లాడింది. ఏమందో ఎవరికీ వినపడలేదు. దున్నేటప్పుడు అనే మాటలే అయి ఉంటాయి. ఇదుగో రాయి, ఇదుగో గుంట, బెదరకు తల్లీ.

డోర్కస్ నడిచింది. దూకలేదు, పరిగెత్తలేదు. చాలులో అడుగు వేసినట్టు వేస్తూ మోకాలెత్తు మంటలోకి నడిచి, అవతలికి నడిచింది. తోక చివర వెంట్రుకలు చిటపటమన్నాయి. లాజారో చేత్తో సిలువ గుర్తు వేసుకున్నాడు.

లాజారో కోడెకి కట్టిన రెండో తాడుని మంట మీదుగా విసిరాడు. దాన్ని జీను ముందరి కొమ్ముకి చుట్టి, ఆర్ఫా కుడికంటి మీది గుడ్డ లాగేసింది. కుడివైపు చల్లారుతున్న నల్లటి నేల. ఎడమవైపు మంట గుర్రానికి లేనే లేదు. లాజారో ఇవతల కేకేశాడు. బరువు కదిలింది.

ఆ తర్వాత చూసినదాన్ని ఆర్ఫా ముసలితనందాకా చెప్పాలని చూసేది, మాటలు చాలేవి కావు. ఎడమ పక్క మంట ఆమెతోపాటు పరిగెత్తింది. దాని చప్పుడు మంట చప్పుడులా లేదు, కొండల మీంచి నది దిగుతున్నట్టుంది. సెగకి గాలి నీళ్ళలా వణుకుతుంటే ఆ వణుకులోంచి లాజారో, అతని గుర్రం, ఒకసారి ఆకాశమంత పొడుగ్గా, ఒకసారి గుప్పెడంతగా కనిపించారు. కాలిన నేల మీద ఎండిన పేడకుప్పలు నిప్పుకళ్ళలా వెలుగుతున్నాయి. వెనక్కి తిరిగి చూస్తే, వాళ్ళు పోయిన దారిలో మంట లేదు. ఉత్త పొగ. ఆ పొగలో, చేత తడి గోనెతో, మిగిలిన నిప్పుల్ని బాదుతూ, దగ్గుతూ, ఎత్తు మడమల బూట్లతో కుంటుకుంటూ పరిగెత్తుకొస్తున్న కెనడియన్ నదీ తీరపు మేటి రౌతు.

"వెనక్కి తిప్పకండి!" అని అరుస్తున్నాడు. "ఎక్కడా వెనక్కి తిప్పకండి! కుడికంటికి మంట కనపడిందా, అయిపోతాం!"

తిప్పలేదు. తూర్పున ప్లమ్ వాగు ఇసుక తగిలేదాకా ఒకే దిక్కుకి పోయారు. అక్కడ మంట పాకడానికి గడ్డి లేదు. డోర్కస్ తనంతట తనే ఆగింది, పొలం గట్టు వచ్చినట్టు.

ముగ్గురూ నిలబడి ఊపిరి పీల్చుకుంటుండగా పొగ అటు ఇటు తూగి, వాళ్ళ ముఖాల మీదికి తిరిగింది. గాలి మారి దక్షిణం నుంచి వీస్తోంది. నల్లటి మసి మేఘంలా లేచి, వాళ్ళ తలల మీదుగా, పసుపురంగు గడ్డి మీదుగా, ఇంటివైపు పోయింది. వామి మీద కురిసింది. ఆర్ఫా గుప్పిళ్ళు బిగించి చూసింది. మసిలో ఒక్క నిప్పురవ్వ కూడా లేదు. వామి నల్లబడింది, అంతే. అలాగే నిలబడి ఉంది.

వాగు గట్టు మీంచి చూస్తే నేల మీద ఒక గీత కనిపించింది. దారం పట్టి గీసినంత తిన్నగా. దానికి అవతల భూమి అంచుదాకా నలుపు. ఇవతల భూమి అంచుదాకా బంగారం. ఆ రెండింటి మధ్య ఉన్నది ఒక చచ్చిన కోడె, ఒక ముసలి గుర్రపు అడుగులు.

ఎబెన్ టోపీ తీసి డోర్కస్ ఎదురుగా వచ్చాడు. కుడివైపు నుంచే వచ్చాడు, మర్యాదగా, కనపడేలా. "అమ్మా," అన్నాడు. ఆర్ఫాని కాదు, గుర్రాన్ని.

"నన్నెప్పుడూ టోపీ తీసి అలా పిలవలేదు," అంది ఆర్ఫా, కారుతున్న ముక్కు తుడుచుకుంటూ. "పదండి, తిందురుగాని. చలికాలమంతా ఇక్కడే ఉంటానుగా, తీరిగ్గా పిలుద్దువు."

ఎబెన్ కూర్చోలేక నిలబడే తిన్నాడు. ఎండు ఆపిల్ ముక్కలూ దాల్చినచెక్కా కూరి, నెయ్యి కారేలా కాల్చిన తీపిరొట్టె పెట్టింది ఆర్ఫా. సగం డోర్కస్ తిన్నది.

తోడేలు కుందేళ్ళతో పరిగెత్తడం నిజం. గుడ్డికన్ను వైపు మంట పెట్టుకుని గుర్రం నడవడం నిజం. గాలి వాళ్ళ ముఖాల మీదికి తిరగడం కూడా, మీరు నమ్మినా నమ్మకున్నా, నిజం. తీపిరొట్టె మాత్రం నేను కల్పించాను. ఆ ఇంట్లో ఆపిల్ ఎక్కడిది, దాల్చినచెక్క ఎక్కడిది! ఆమె పెట్టింది పొద్దుటి చిక్కుడు గింజలు, అవీ చల్లారినవి. కానీ అంత పని చేసినవాళ్ళకి చల్లారిన గింజలు పెట్టి పంపడానికి నాకు చేతులు రాలేదు.